తోలుబొమ్మ, జకార్డ్ అట్ట, నాసిర్ అహ్మద్ హిసాబు

ఉర్దూ బడిలో తష్బీహ్ పాఠం చెప్పేటప్పుడు మా ఉస్తాద్ ఒక షర్తు పెట్టేవారు. ముఖాన్ని చంద్రుడితో పోల్చావు, బాగుంది. రెండింటికీ కలిసిన గుణం ఏమిటో చూపించు. ఆ గుణానికి వజ్హె షబహ్ అని పేరు. తర్వాత డిగ్రీలో తెలుగు తీసుకుంటే అక్కడ అదే సంగతి సాధారణ ధర్మం అన్న పేరుతో ఎదురొచ్చింది. తష్బీహ్ దాటి ఇస్తిఆరాకు వెళ్ళినా, ఉపమ దాటి రూపకానికి వెళ్ళినా షర్తు మారదు. కలిసిన గుణం లేనిది పోలిక కాదు, ఉత్త ముస్తాబు.

ఈ పాత పాఠాన్ని మళ్ళీ తవ్వుకోవడానికి కారణం మా చెల్లెలి కొడుకు. బెంగళూరులో వీడియో ఎడిటింగ్ చేస్తాడు. హిందూపురం, పెనుకొండ, ధర్మవరం, ఈ మూడు ఊళ్ళ తారీఖ్ మీద పది నిమిషాల యానిమేషన్ ఫిల్మ్ తీయాలని వాడి ఖాహిష్. "మామూ, కహానీ తో హై, తస్వీరాఁ కాఁ సే లానా?" అన్నాడు. కథ ఉంది, దాన్ని చూపించే బొమ్మలు ఎక్కణ్ణుంచి తేవాలని. దోస్తులు అప్పటికే సలహాలిచ్చేశారట: కాలచక్రం తిరగాలి, తాళపత్రం తెరుచుకోవాలి, గద్ద ఎగురుతూ వచ్చి కోట బురుజు మీద వాలాలి. అన్నీ మనం వందసార్లు చూసినవే. నువ్వు రోజూ కంప్యూటర్ ముందు వాడే మాటల్లోనే వెతుక్కోరా అన్నాను నేను. కీఫ్రేమ్, ఆల్ఫా, ఇంటర్‌లేస్, బ్లాక్, మోషన్ వెక్టర్. ఇవన్నీ పరాయి దేశపు సామాను అని వాడి నమ్మకం. మాటలు పరాయివే. వాటి వెనకున్న పనిని మాత్రం మన ఇలాఖాలో జనం కంప్యూటర్ రాకముందు నుంచీ చేస్తున్నారు. ఒక మాట వెనకున్న హిసాబయితే బెంగళూరులో పుట్టిన మనిషిదే. అందుకని ఒక్కో మాటనూ ఉస్తాద్ షర్తు మీద గీసి చూద్దాం అనుకున్నాను. నిలబడినవి కొన్ని, నిలబడనివి కొన్ని.

ముందు కీఫ్రేమ్. హిందూపురం నుంచి లేపాక్షి 15 కిలోమీటర్లు. 16వ శతాబ్దంలో అచ్యుతదేవరాయల హయాంలో విరూపణ్ణ, వీరణ్ణ అనే అన్నదమ్ములు కట్టించిన వీరభద్రాలయం అక్కడుంది. వచ్చినవాళ్ళంతా వేలాడే స్తంభం కింద గుడ్డ దూర్చి చూస్తారు, పైకప్పు చిత్రాలు చూసి మెడ నొప్పి తెచ్చుకుంటారు. నాకు ఇష్టమైనది వేరే ఉంది. ఒక చిన్న చెక్కడం. ఒకే పశువు ఒంటికి మూడు తలలు. రెండు తలలను చేత్తో మూసి చూస్తే ఒక భంగిమ. మూసే తలలు మార్చితే ఇంకో భంగిమ. మళ్ళీ మార్చితే మూడోది. ఒళ్ళు మాత్రం కదలదు. వరసగా చెయ్యి జరుపుతూ పోతే పశువు తల తిప్పినట్టే ఉంటుంది. యానిమేషన్ వాళ్ళు కీఫ్రేమ్ అనేది దీన్నే. కదలికలో ముఖ్యమైన భంగిమలు మాత్రం గీసి పెట్టడం, మధ్యవి తర్వాత నింపుకోవడం. చెక్కినవాడు మధ్యవి నింపలేదు. ఆ పని చూసేవాడి చేతికీ కంటికీ వదిలేశాడు.

మధ్యవి నింపే పనికి యానిమేషన్‌లో ఇన్‌బిట్వీన్ అని పేరు. పెద్ద కళాకారుడు మొదటి భంగిమ, చివరి భంగిమ గీస్తాడు. మధ్యలో వచ్చే బొమ్మలన్నీ జీతానికి కూర్చున్న కుర్రాళ్ళు గీస్తారు. పేరు పైవాడికి, మెడనొప్పి కిందివాడికి. హైదరాబాద్ స్టూడియోలకు విదేశాల నుంచి వచ్చిన కాంట్రాక్టు పనిలో ఇలాంటి మెహనత్ చాలానే ఉంది. ఇప్పుడు ఆ మధ్య బొమ్మలను చాలావరకు సాఫ్ట్‌వేర్ నింపుతోంది.

ధర్మవరం మండలంలోని నిమ్మలకుంటకు వస్తే ఇదే సంగతి తోలు మీద కనిపిస్తుంది. తోలుబొమ్మలాటకు పేరుపడ్డ ఊరు. ఆ ఊరి దళవాయి చలపతిరావు గారికి 2020లో పద్మశ్రీ ఇచ్చారు. మేక చర్మాన్ని వేడినీళ్ళలో నానబెట్టి, వెంట్రుకలు గీకి, లాగి ఆరబెడితే వెలుగు దాటే పలచని పొరవుతుంది. దాని మీద గీత గీసి, నగలు, బట్టల అంచుల కోసం ఉలితో సన్నటి చిల్లులు కొట్టి, రెండువైపులా రంగు వేస్తారు. తల, భుజం, మోచెయ్యి, మోకాలు విడివిడిగా కోసి దారంతో ముడి వేస్తారు. మధ్యలో ఒక బద్ద నిలబెడతారు, చేతులకు వేరే పుల్లలు. మనిషెత్తు బొమ్మలు కూడా ఉంటాయి. ఒక్కో పాత్రకు ఒక్క బొమ్మ చాలదు. హనుమంతుడికి కూర్చున్న బొమ్మ వేరు, ఎగిరే బొమ్మ వేరు. ఆట మధ్యలో బొమ్మ మారుతుంది, అది కీఫ్రేమ్. మారేలోపు ఉన్న బొమ్మనే పుల్లలతో జరుపుతారు. ఈ రెండో సంగతిని గుర్తుపెట్టుకోండి, పెనుకొండ దగ్గర మళ్ళీ పనిపడుతుంది.

ఆల్ఫా అన్న మాటకు కూడా వజ్హె షబహ్ ఇక్కడే దొరికింది. 1970ల చివర అమెరికాలో ఎడ్ క్యాట్మల్, ఆల్వీ రే స్మిత్ కంప్యూటర్ బొమ్మలో ప్రతి చుక్కకూ ఎరుపు, ఆకుపచ్చ, నీలం అంకెలతో పాటు నాలుగో అంకె ఒకటి చేర్చారు. ఈ చుక్కలోంచి వెనకున్నది ఎంత కనిపించాలి అన్నదే ఆ అంకె. సున్నా అయితే అద్దం, ఒకటి అయితే గోడ, మధ్యలో ఉంటే పర్దా. నిమ్మలకుంట బొమ్మలో చిల్లు సున్నా, నల్లగీత ఒకటి, రంగు వేసిన తోలు మధ్య అంకె. చర్మాన్ని ఎంత గీకాలో చేత్తో తడిమి తెలుసుకునే కారీగర్ ఆ అంకెనే నిర్ణయిస్తున్నాడు.

ఇక్కడ కొంచెం దూరం వెళ్ళి రావాలి, ఎందుకంటే నీడబొమ్మకూ యానిమేషన్ ఫిల్మ్‌కూ ఉన్న చుట్టరికం ఊహ కాదు, తారీఖ్. అరబ్బు దేశాల్లో ఈ ఆటను ఖయాలుజ్జిల్ అన్నారు, నీడల ఖయాల్ అని. మంగోలుల దాడుల కాలంలో మోసుల్ వదిలి కైరో చేరిన ఇబ్న్ దానియాల్ అనే ఆయన 13వ శతాబ్దంలో రాసిన మూడు నీడ నాటకాలు ఇప్పటికీ ఉన్నాయి. ఆయన కస్బు ఏమిటో తెలుసా? కళ్ళ వైద్యం. పగలంతా జనం కళ్ళలో మందు వేసి, ఆ కళ్ళను మోసం చేసే ఆటలు రాసేవాడు. తుర్కీలో ఇదే ఆట కరాగోజ్ అయింది. ఫార్సీ, ఉర్దూ షాయరీలో ఇంకో వస్తువు తరచు వస్తుంది, ఫానూసె ఖయాల్. లోపల దీపం, చుట్టూ బొమ్మలు కత్తిరించిన కాగితపు గొట్టం. దీపం వేడికి గాలి పైకి లేచి గొట్టాన్ని తిప్పుతుంది, గోడ మీద బొమ్మలు నడుస్తాయి. ఖయ్యాం పేరు మీద చెలామణి అయ్యే ఒక రుబాయీ ఈ లోకాన్నే దానితో పోలుస్తుంది.

ఇక 1926. బెర్లిన్‌లో లొట్టె రైనిగర్ అనే యువతి మూడేళ్ళ పని ముగించి ఒక ఫిల్మ్ చూపించింది. అట్ట, పలచటి సీసపు రేకులు కత్తిరించి, కీళ్ళ దగ్గర తీగ కట్టి, కింది నుంచి వెలుగు పడే గాజు బల్ల మీద ఆ బొమ్మలను ఇసుమంత జరుపుతూ ఒక్కో ఫ్రేమ్ తీసింది. ఇప్పటికి మిగిలిన పూర్తి నిడివి యానిమేషన్ చిత్రాల్లో అదే అతి పాతది. డిస్నీ స్నో వైట్ వచ్చింది 1937లో. మరి రైనిగర్ కథ ఎక్కడిది? అలిఫ్ లైలాది. షెహజాదా అహ్మద్, పరీ బానో. మా నానమ్మలు చెప్పిన కిస్సానే. అందులో అల్లావుద్దీన్ కూడా వచ్చి పోతాడు. అసలు నెగెటివ్ పోయింది, మిగిలిన ప్రింట్ల నుంచి 1990ల చివర మళ్ళీ బాగుచేశారు.

రైనిగర్ బొమ్మలకూ మన బొమ్మలకూ ఒక తేడా ఉంది. ఆమెవి నిండు నలుపు, ఆల్ఫాలో సున్నా, ఒకటి తప్ప ఇంకేమీ లేదు. నిమ్మలకుంటవి రంగు వెలుగుతాయి. నన్నడిగితే రెండోదే గొప్ప హునర్. మా ఇలాఖా మీద మమకారం కూడా కలిసి ఉండొచ్చు, ఆ మాత్రం తోసేసుకోండి.

ఇంటర్‌లేస్ గురించి పెద్దగా తవ్వక్కర్లేదు. మాటే నేతకు దగ్గరిది. పాత టీవీ బొమ్మలో 625 గీతలుండేవి. అన్నీ ఒక్కసారి గీయకుండా ముందు బేసి గీతలు, తర్వాత సరి గీతలు, సెకనుకు 50 సగం బొమ్మలు పంపేవారు. సాదా నేతలో మగ్గం కూడా ఒకసారి బేసి పడుగు దారాలను, ఇంకోసారి సరి దారాలను పైకి లేపుతుంది, మధ్యలోంచి పేక పరుగెత్తుతుంది. షర్తు పూర్తిగా నెగ్గింది.

జకార్డ్ దగ్గర కొంచెం ఆగాలి. 1804 ప్రాంతంలో ఫ్రాన్స్‌లోని లియాన్ పట్టణంలో జోసెఫ్ మరీ జకార్డ్ తయారుచేసిన యంత్రం మగ్గం పైన కూర్చుంటుంది. చిల్లులు కొట్టిన అట్టల దండ అందులో తిరుగుతుంది. చిల్లు ఉన్నచోట కొక్కెం దారాన్ని లేపుతుంది, చిల్లు లేనిచోట దారం కిందే ఉంటుంది. అవును, కాదు. ఒకటి, సున్నా. లండన్‌లో ఛార్లెస్ బాబేజ్ తన లెక్కల యంత్రానికి ఈ అట్టలనే అరువు తెచ్చుకోవాలని చూశాడు. కంప్యూటర్ చరిత్ర రాసేవాళ్ళంతా ఆ ముక్క తప్పకుండా రాస్తారు. ధర్మవరంలో పట్టుచీర అంచుకూ కొంగుకూ డిజైన్ గీసేవాళ్ళు గళ్ళ కాగితం ముందు కూర్చుని ఏ గడి నింపాలో, ఏది వదలాలో లెక్కపెట్టేవారని మాత్రం రాయరు. హంస మెడ వంపు తిరగాలంటే గళ్ళలో మెట్లుమెట్లుగా దిగాలి. దగ్గరనుంచి చూస్తే మెట్లు, దూరంనుంచి చూస్తే వంపు. పిక్సెల్ గురించి ఇంతకంటే బాగా ఎవరు చెప్పగలరు? లేపాక్షి పైకప్పు మీది నమూనాలు కూడా ఆ గళ్ళలోకి దిగి చీరల మీదికి వచ్చాయి. ఇప్పుడు గళ్ళ కాగితం స్థానంలో కంప్యూటర్ వచ్చింది. హంస మెడ ఇప్పటికీ మెట్లుమెట్లుగానే దిగుతోంది.

ఈ పోలిక ఒకచోట తెగుతుంది. తెర మీది గడి సెకనులో 25వ వంతు బతుకుతుంది. చీర మీది గడి అమ్మనుంచి కూతురికి పోతుంది. జాగాలో కలిసిన గుణం కాలంలో లేదు. దీన్ని ఫిల్మ్‌లో దాచొద్దని చెప్పాను. ఇంకో సంగతి కూడా దాచొద్దన్నాను. గళ్ళలోకి దిగిన డిజైన్‌కు నఖలు తీయడం చాలా సులువు. మగ్గం గుంతలో కాళ్ళు పెట్టుకుని రోజులకొద్దీ నేసిన చీర బొమ్మ మరమగ్గం మీద చకచకా తయారై బజారుకు వస్తుంది. కొన్ని రకాలు చేనేతకే చెందాలని 1985లో పార్లమెంటు చట్టం చేసింది. చట్టం పుస్తకంలో భద్రంగా ఉంది. డిజిటల్ వీడియోలో అసలుకూ నఖలుకూ తేడా ఉండదని మా వాడు గొప్పగా చెబుతాడు. ధర్మవరం నేతగాడికి ఆ మాట చెప్పి చూడమన్నాను.

బెంగళూరు మనిషి సంగతికి వస్తాను. నిజానికి ఈ వ్యాసం రాయాలనిపించింది ఆయన కోసమే.

నాసిర్ అహ్మద్ 1940లో బెంగళూరులో పుట్టారు. అక్కడే ఇంజినీరింగ్ చదివి 1961లో పట్టా పుచ్చుకుని అమెరికా వెళ్ళారు. న్యూమెక్సికో విశ్వవిద్యాలయంలో డాక్టరేట్ చేసి, కాన్సాస్ స్టేట్ విశ్వవిద్యాలయంలో పాఠాలు చెప్పారు. 1972లో ఆయన ఒక ఆలోచనతో నేషనల్ సైన్స్ ఫౌండేషన్‌కు అర్జీ పెట్టుకున్నారు, పరిశోధనకు డబ్బివ్వమని. అర్జీ నామంజూరు అయింది. పరిశీలించినవాళ్ళలో ఒకరు ఇది మరీ సులువుగా ఉందన్న అర్థం వచ్చే మాట రాశారని ఆయన తర్వాత గుర్తుచేసుకున్నారు. ఆయన మాత్రం పట్టు వదల్లేదు. విద్యార్థి టి. నటరాజన్, మిత్రుడు కె. ఆర్. రావు తోడయ్యారు. 1974 జనవరిలో ముగ్గురి పేర్లతో నాలుగు పేజీల పేపర్ అచ్చయింది. డిస్క్రీట్ కొసైన్ ట్రాన్స్‌ఫామ్ దాని పేరు, పొట్టిగా డీసీటీ. కె. ఆర్. రావు అంటే కమిసెట్టి రామమోహన్ రావు. ఇంటిపేరే చెబుతోంది ఏ భాషవాడో. బెంగళూరు సాయిబు, తెలుగు ఇంటిపేరున్న రావు, నటరాజన్, ఈ ముగ్గురి నాలుగు పేజీలు లేకపోతే మీ ఫోన్‌లో పెళ్ళి వీడియో ఇంత సులువుగా వచ్చేది కాదు. 1988లో వీడియో కాల్ కోసం వచ్చిన హెచ్.261, 1992లో ఫోటోల కోసం వచ్చిన జేపెగ్, ఆ తర్వాతి ఎంపెగ్‌లు, అన్నిటి గుండెలోనూ ఆ హిసాబో దాని చుట్టమో ఉంది.

వాట్సాప్‌లో సబ్ కుఛ్ మన ఖౌమే కనిపెట్టిందని తిరిగే మెసేజీల పక్కన ఈ పేరు పెట్టకండి, మెహర్బానీ చేసి. ఆయన హిసాబుకు అలాంటి సిఫారసు అక్కర్లేదు. పైగా పేపర్ మీద మూడు పేర్లున్నాయి.

హిసాబు ఏమిటో నాకు అర్థమైనంత వరకు చెబుతాను, ఇంజినీర్లు మాఫ్ చేయాలి. బొమ్మను అడ్డం 8, నిలువు 8 చుక్కల చిన్న గళ్ళుగా కోస్తారు. ఒక్కో గడిలో 64 చుక్కలు. వీటి 64 అంకెలను ఉన్నవున్నట్టు రాసుకోకుండా, ముందే ఖరారు చేసుకున్న 64 నమూనాల కలయికగా రాస్తారు. మొదటి నమూనా చారలే లేని ఒకే రంగు. తర్వాతివి వెడల్పు చారలు, ఆపైన సన్న చారలు, చివరికి చిమచిమలాడే అతి సన్న గళ్ళు. నేతగాళ్ళకు చెబితే ఠక్కున పట్టుకుంటారు. నీ దగ్గర 64 బుటాలున్నాయి, ఈ జానెడు గుడ్డ కావాలంటే ఏ బుటా ఎంత పాళ్ళలో కలపాలి? అంతే. మామూలు బొమ్మల్లో మొదటి కొన్ని నమూనాల్లోనే బరువంతా ఉంటుంది. సన్న చారలవి చిన్నచిన్న అంకెలు. ఇక్కడివరకు ఏదీ పోలేదు, కావాలంటే తిరిగి మొత్తం కట్టుకోవచ్చు. పోయేది తర్వాతి మెట్టులో. ఆ చిన్న అంకెలను కుదించి, చాలావాటిని సున్నా చేసేస్తారు. కంటికి తెలియదన్న భరోసాతో. రంగు విషయంలోనూ అంతే. వెలుగునీడల్లో తేడా కన్ను వెంటనే పట్టుకుంటుంది, రంగులో తేడా అంతగా పట్టుకోదు. కాబట్టి రంగు వివరంలో నాలుగింట ఒక వంతు ఉంచి మిగతాది పారేయడం మామూలు. చూసేవాడి కన్ను ఎక్కడ బద్ధకిస్తుందో తెలుసుకుని, సరిగ్గా అక్కడే కోయడం. ఇబ్న్ దానియాల్ రెండు కస్బులూ ఒకే దుకాణంలో కలిసినట్టు.

మా వాడి ఫిల్మ్‌కు ఇస్తిఆరా ఇక్కడ దొరికిందని నేను పట్టుబట్టాను. తారీఖ్ పుస్తకాలు కూడా ఇలాగే తయారవుతాయి. ఒకే రంగు నమూనా ఉంచుతారు, వెడల్పు చారలుంచుతారు: రాజులు, యుద్ధాలు, రాజధానులు. సన్న చారలను సున్నా చేస్తారు, చదివేవాడికి తేడా తెలియదన్న భరోసాతో. ఆంధ్ర తోలుబొమ్మలాట కుటుంబాల్లో చాలామంది ఇళ్ళలో మాట్లాడేది మరాఠీ యాస. ఇంట్లో మరాఠీ, తెర ముందు తెలుగు రంగనాథ రామాయణం, మధ్యమధ్యలో కేతిగాడు, బంగారక్కల పచ్చి మాటలు. ఏ వెడల్పు చారలో పడుతుంది ఈ సంగతి? దక్కనీ మాట్లాడి, తెలుగులో చిట్టా రాసుకుని, కన్నడలో బేరమాడే హిందూపురం వ్యాపారి ఏ చారలో పడతాడు?

పెనుకొండలో ఇది తీపినొప్పి కాదు, గట్టి నొప్పే. 1565 జనవరిలో కృష్ణా తీరాన రామరాయలు ఓడిపోయి హతమయ్యాడు. తమ్ముడు తిరుమల రాయలు నామమాత్రపు చక్రవర్తి సదాశివరాయలను, ఖజానాను వెంటబెట్టుకుని దక్షిణానికి వచ్చాడు. పెనుకొండ రాజధాని అయింది. ఈ ఘట్టం దగ్గర మా వాడి మొదటి స్టోరీబోర్డు నేను భయపడ్డట్టే ఉంది. ఒకవైపు కాషాయం, ఇంకోవైపు పచ్చ, మధ్యలో మంటలు. వాడి తప్పు కూడా కాదు, వాడు చూసిన రీల్స్ అన్నీ అలాంటివే. పారేసిన అంకెలు ఎక్కువైతే వీడియోలో ఏమవుతుందో వాడికి నాకంటే బాగా తెలుసు. ముఖాలు పోయి చతురస్రాలు మిగులుతాయి. ఆ కాషాయం, పచ్చ కూడా అలాంటి చతురస్రాలే అన్నాను. గోల్కొండ ఇబ్రహీం కుతుబ్ షా సుల్తాన్ కాకముందు ఏడేళ్ళు విజయనగరంలో పనాహ్ పొందాడు. తర్వాత తెలుగు కవులు మల్కిభరాముడని పొగిడింది ఆయన్నే. రామరాయల ఫౌజులో ముసల్మాన్ సర్దార్లున్నారు, సుల్తాన్‌ల ఫౌజుల్లో మరాఠా సిపాయిలున్నారు. పెనుకొండలో గగన్ మహల్ చూడండి. మొనదేలిన కమానుల మీద గుడి విమానం లాంటి శిఖరం. కట్టినవాడికి ఆ రెండూ కలపడంలో ఇబ్బందేమీ కనిపించలేదు.

వీడియోలో బి-ఫ్రేమ్ అని ఒకటుంటుంది. ముందున్న ఫ్రేమ్‌ను, తర్వాత రాబోయే ఫ్రేమ్‌ను, రెండింటినీ చూసి కట్టే మధ్య ఫ్రేమ్ అది. అంటే దాన్ని విప్పాలంటే తర్వాతది ముందే చేతిలో ఉండాలి. మనకు చూపిస్తున్న 1565 అలాంటిది. అప్పటి సాక్ష్యాలు సగం, 20వ శతాబ్దపు జగడాలు సగం కలిపి కడుతున్నారు. తెర మీద వరస మాత్రం సక్రమంగా 1565 ముందే వస్తుంది కాబట్టి ఎవరికీ అనుమానం రాదు. ఈ పోలిక షర్తు మీద నిలబడుతుందా అని రెండు రాత్రులు ఆలోచించాను. నిలబడింది.

మరి ఆ వలసను ఎలా చూపించాలి? ఇందాక గుర్తుపెట్టుకోమన్న సంగతి ఇక్కడ కావాలి. వీడియోలో ప్రతి ఫ్రేమ్‌నూ కొత్తగా పంపరు. ఒక పూర్తి బొమ్మ పంపాక, తర్వాతి వాటిలో ఈ గడి ఇటు ఇంత జరిగింది, ఆ గడి అటు అంత జరిగింది అని దిక్కు, దూరం మాత్రం పంపుతారు. వాటిని మోషన్ వెక్టర్లు అంటారు. దాంతోపాటు మిగిలిన కాస్త తేడా. బొమ్మ అదే, జరిపే పుల్ల కదులుతుంది. నిమ్మలకుంట ఆటగాడి చెయ్యి పంపేది కూడా దిక్కు, దూరమే. కొత్త సీన్ వచ్చినప్పుడు కొత్త పూర్తి బొమ్మ రావాలి. అది దారిలో పోతే ఏమవుతుంది? పాత బొమ్మ గళ్ళే కొత్త కదలిక ప్రకారం జరుగుతాయి. పాత సీన్‌లోని గోడ కొత్త మనిషి ఆకారంలో నడుస్తుంది. కుర్రాళ్ళు దీన్ని కావాలనే చేసి డేటామోష్ అని పేరు పెట్టుకున్నారు. హంపీ నుంచి పెనుకొండకు వచ్చే సీన్‌కు ఇదే సరైనదన్నాను. హంపీ పూర్తి బొమ్మ పోయింది. దాని గళ్ళు, కొలువు పద్ధతులు, బిరుదులు, శిల్పుల చేతివాటం, పెనుకొండ గుట్ట వాలు మీద కొత్త దిక్కులకు జరుగుతున్నాయి. సుమారు పాతికేళ్ళకు రాజధాని చంద్రగిరికి వెళ్ళిపోయింది, గళ్ళు మళ్ళీ జరిగాయి. దీన్ని మాత్రం వాడు వాదించకుండా ఒప్పుకున్నాడు.

బాబయ్య గురించి బహస్ వేరే రకం. పెనుకొండ దర్గాలో ఉన్న హజ్రత్ బాబా ఫఖ్రుద్దీన్ సీస్తాన్ గద్దె వదిలి ఫకీరుగా బయల్దేరారని, తిరుచినాపల్లిలో హజ్రత్ తబ్రె ఆలం ఆయనకు ఒక ఎండిన వేప మిస్వాక్ ఇచ్చి, ఇది ఎక్కడ చిగురిస్తే అక్కడ ఆగిపొమ్మన్నారని, అది పెనుకొండలో చిగురించిందని రివాయత్. ఉర్సుకు వచ్చే హిందువులూ ముసల్మానులూ ఈ కిస్సా ఒకే రకంగా చెబుతారు. వలీ ముఖం బొమ్మ గీయడం నాకు ససేమిరా ఇష్టం లేదు. వాడికీ లేదు, కానీ మనిషి లేకుండా సీన్ ఎలా అని వాడి పరేషానీ. మిస్వాక్ చాలు అన్నాను. మొదటి కీఫ్రేమ్ ఎండు పుల్ల, చివరి కీఫ్రేమ్ చిగురు. మధ్యలో ఉన్న దారంతా సాఫ్ట్‌వేర్‌తో నింపకుండా చేత్తో గీయమన్నాను, సీస్తాన్ నుంచి పెనుకొండ దాకా. అన్ని బొమ్మలకు ఎన్ని రోజులు పడుతుందో లెక్కేసుకుని వాడు కాసేపు మాట్లాడలేదు.

నిమ్మలకుంటలో ఇప్పుడు రాత్రంతా సాగే ఆటలు అరుదు. ఆ తోలుతో, అవే ఉలులతో, అవే రంగులతో ఎక్కువగా చేసేది లాంప్‌షేడ్లు, గోడకు తగిలించే పటాలు, తలుపు తోరణాలు. పట్నాల్లో అమ్ముడుపోతాయి, ఇళ్ళు గడుస్తాయి, అందులో తప్పేమీ లేదు. లాంప్‌షేడ్ మీద హనుమంతుడు ఉంటాడు, పుల్లలుండవు, కీళ్ళ దగ్గర ముడులుండవు. లోపల దీపం, చుట్టూ చిల్లుల బొమ్మ. షాయర్లు రాసిన ఫానూసె ఖయాల్ ఆకారమే, తిరగడం ఒక్కటే లేదు. పాత ఫానూసును తిప్పింది నూనె దీపం వేడి. ఇప్పుడు లోపల పెట్టే ఎల్‌ఈడీ బల్బుకు అంత వేడి ఉండదు.